నాలుగు సెకన్ల మాటు

నమోదు 2909. జూన్ 3

లైసెన్సులిచ్చే బోర్డు నియమం ప్రకారం మనిషి ఎడిటర్ రోజుకి పది పంక్తులు తన చేత్తో రాయాలి. రాస్తే ఆ రోజు స్టూడియోలో ఒక మనిషి పనిచేసినట్టు లెక్క. మా స్టూడియోలో ఆ మనిషిని నేనే. పేరు మేడిశెట్టి నూకరాజు, వయసు యాభై మూడు, నివాసం కొత్త కాకినాడ. ఈ పుస్తకాలు ఎవరూ చదవరని నా గట్టి నమ్మకం. ఒకసారి పరీక్షించడానికి పది పంక్తులూ మాగాయ పచ్చడి గురించి రాశాను. 'సంతృప్తికరం' అని ముద్ర కొట్టి తిప్పి పంపారు.

ఈరోజు పని: మాట్లు మూడు, టీలు ఆరు.

పొద్దున నేను చెప్పులు విప్పేలోపే అబ్బులు పోయిన ఆదివారం కచేరీని కోసి, కూర్చి, సిద్ధంగా పెట్టింది. అబ్బులు మా కూర్పు యంత్రం. ఆ పేరు పెట్టిందీ, గోదావరి మర్యాదలు నేర్పిందీ నేనే. ఇన్నేళ్ళలో స్టూడియోకి నేను చేసిన గట్టి సేవ బహుశా అదొక్కటే. కచేరీకి వచ్చిన పద్దెనిమిది వేలమంది కళ్ళలో చూపుని పట్టే పల్చటి రేకులు పెట్టుకుని చూసిన చూపులన్నీ దానికి చేరతాయి. ఏ క్షణానికి ఎవరి చూపు బాగుందో ఏరి, వరసన గుచ్చి, వేసుకుంటే సొంత జ్ఞాపకంలా మిగిలే రెండు గంటల నెమరు తయారుచేసి పెడుతుంది.

"మూడుచోట్ల తేడా ఉందండి," అంది అబ్బులు. "రెండో పాటలో గాయకుడు గారు మాట మర్చిపోయారండి. నాలుగో పాటలో దగ్గారండి. ఆరో పాటలో వయొలిన్ ఆవిడ ఆయనకేసి గుర్రుగా చూశారండి."

ఆ మూడింటినీ కప్పడమే నా ఉద్యోగం. తప్పు జరిగిన చోట జనంలోంచి ఎవరో ఒకరి ముఖం తెచ్చి అతికించడాన్ని మా వృత్తిలో మాటు అంటారు. ముఖం కింద గొంతు రిహార్సల్‌లోంచి తెస్తాం. ఇది యంత్రానికి చేతకాక కాదు. అబద్ధం ఆడకూడదని యంత్రాలకి చట్టం ఉంది. నాకు లేదు.

నమోదు 2912. జూన్ 6

తునినుంచి ఒక ఉత్తరం వచ్చింది. రాసినాయన రిటైరైన లెక్కల మాస్టారు. మోకాళ్ళు పనిచేయక గడప దాటి చాలా ఏళ్ళయిందట. పోయిన నెల తలకి పట్టీ కట్టుకుని మా నెమరు ఒకటి వేసుకున్నారు. ఇప్పుడాయనకి తాను కచేరీకి వెళ్ళొచ్చినట్టే గుర్తు. చెమటా, తోపులాటా, చప్పట్లూ అన్నీ గుర్తు. 'నా పక్కన మెరూన్ చీర కట్టుకున్న ఒక అమ్మ పాటకి కరిగిపోయి కన్నీళ్ళు తుడుచుకుంది. ఆ అమ్మకి నా నమస్కారాలు తెలియజేయగలరు' అని రాశారు.

ఆ అమ్మ నాకు బాగా తెలుసు. నన్ను పోషించిందే ఆవిడ.

తొమ్మిదేళ్ళ క్రితం ఐతా చంద్రకళ గారి కచేరీలో మూడో చరణం దగ్గర ఆవిడ గొంతు బొంగురుపోయింది. నాలుగు సెకన్ల మాటు కావాలి. అప్పట్లో నేను పనిచేసేవాణ్ణి కాబట్టి మూడు రోజులు కూర్చుని వేల చూపులు వెతికాను. ఒక చూపులో ఈ మెరూన్ చీర ఆవిడ దొరికారు. స్టేజీ వెలుగు ముఖం మీద పడుతుంటే పమిట చెంగుతో కళ్ళు తుడుచుకుని, ఆ చెంగుతోనే ముక్కూ తుడుచుకుంటారు. ఆ తర్వాత చూపు చటుక్కున స్టేజీ వైపు తిరిగిపోతుంది. ఆ కుదుపు వాడుకోవడానికి పనికిరాదని కోసిపారేశాను. మిగిలిన నాలుగు సెకన్లకి జనం వెర్రెత్తిపోయారు. ఆ ఏడాది 'ఆత్మీయత' బహుమతి నాకే వచ్చింది.

అంతకుముందు నా బతుకు పాటల వీడియోలు. అర సెకనుకో ముక్క చొప్పున కోసేవాణ్ణి. ఒక నటి వాళ్ళమ్మ స్టూడియోకి వచ్చి, "మా అమ్మాయి మొహం ఒక్కసారైనా ఆపి చూపించండి బాబూ, మావాళ్ళు పోల్చుకోలేకపోతున్నారు," అని బతిమాలింది. ఆవిడ అడిగింది న్యాయమే. అలాంటి నన్ను ఈ నాలుగు సెకన్లు పట్టుకుని పెద్ద ఎడిటర్ని చేశారు. విమర్శకులు దానికి 'నూకరాజు ముద్ర' అని పేరు పెట్టారు. ఒక కాలేజీలో రెండు గంటలు దాని మీద ఉపన్యాసం కూడా ఇచ్చాను. పిల్లలు నోట్సు రాసుకున్నారు, పాపం.

నెమరు విడుదలయ్యాక ఎవరి చూపు వాళ్ళకి డబ్బీలో పెట్టి తిరిగి ఇచ్చేయాలి, స్టూడియోలో చెరిపేయాలి. అది చట్టం. ఈ నాలుగు సెకన్లు మాత్రం నేను చెరపలేదు. రేకు డబ్బాలో దాచి, పైన 'బంగారం' అని రాసుకున్నాను. ఆ తర్వాత ఇంకో పది కచేరీల్లో తప్పులు జరిగినప్పుడల్లా ఆ డబ్బా తెరిచాను. కుర్చీల రంగు మార్చేవాణ్ణి, వెలుగు మార్చేవాణ్ణి. చీర మార్చడానికి మాత్రం బద్ధకించాను.

నమోదు 2921. జూన్ 15

ఉత్తరాలు నలభై దాటాయి. అనకాపల్లిలో జరిగిన కచేరీలో ఆవిడే, ఏలూరులో ఆవిడే, ఖమ్మంలోనూ ఆవిడే. ఖమ్మంలో ఒక మొగుడూ పెళ్ళాం పోట్లాడుకున్నారట. ఆవిడ నా పక్కన కూర్చుందంటే నా పక్కన కూర్చుందని. 'మెరూన్ చీర ఆంటీ' పేరుతో ఒక అభిమాన సంఘం పుట్టింది. అందులో అరవై వేలమంది. ఆ ఆంటీ గుర్తొస్తే చాలు, మనసు కుదుటపడుతోందని రాస్తున్నారు.

మా స్టూడియో యజమాని షాహీనా గారు నన్ను పిలిచారు. మంచి మనిషి, కానీ నన్ను నమ్మే అలవాటు ఉంది.

"ఎవరో కావాలని మన నెమర్లలోకి ఈవిణ్ణి దూర్చారు నూకరాజు గారూ. వేరే స్టూడియో వాళ్ళ పనే అయ్యుంటుంది. మీరే కనిపెట్టాలి."

"తప్పకుండానండి," అన్నాను. ఆ విధంగా నా దొంగతనం మీద విచారణాధికారిగా నన్నే వేశారు.

గదిలోకి వచ్చి తలుపు వేసుకున్నాక అబ్బులు నెమ్మదిగా, "నాకు తెలుసండి," అంది. "అడిగితే చెప్పాలండి. ఇంకా ఎవరూ అడగలేదండి."

ఈరోజు పని: ఏమీ లేదు. భయపడ్డాను.

నమోదు 2925. జూన్ 19

ఆవిడ వచ్చారు.

ముఖానికి గుడ్డ కట్టుకుని, బూడిదరంగు చీరలో, కళ్ళజోడుతో ముందుగదిలో కూర్చుని ఉన్నారు. గుడ్డ తీయకముందే పోల్చాను. చూడగానే నాకు ప్రాణం లేచొచ్చింది. సొంత మనిషి చాలాకాలానికి ఊరినుంచి వచ్చినట్టు గుండె నిండిపోయింది. నా నెమర్లన్నీ నేనూ వేసుకుంటాను మరి. పరాయి మనుషుల మీద ఇంత ప్రేమ పుట్టడం నా మంచితనం కాబోలనుకుని ఆ భయంలోనూ కాస్త మురిసిపోయాను.

"నూకరాజు గారంటే మీరేనా అండి?"

"ఆయ్, నేనేనండి."

"నా పేరు కొప్పిశెట్టి భాగ్యరేఖండి. బస్సెక్కితే ముక్కూ మొహం తెలీనోళ్ళు వచ్చి వాటేసుకుంటున్నారండి. ఆంటీ, ఆరోజు నా పక్కనే కదా అంటారు. సరే, ఓర్చుకుంటున్నాను. నేనొచ్చింది దానిక్కాదండి."

ఆవిడ భర్త ధనంజయ గారు సముద్రపు గేట్ల దగ్గర ఆపరేటర్. పోయిన అక్టోబర్లో పోయారు. ముప్పై రెండేళ్ళ కాపురంలో ఇద్దరే కలిసి సరదాగా బయటికి వెళ్ళింది ఒక్కసారేనట. చంద్రకళ గారి కచేరీకి. ఆయన పోయాక ఆ సాయంత్రం మళ్ళీ కావాలనిపించి ఆవిడ మా నెమరు తెప్పించుకుని వేసుకున్నారు.

'కచేరీకి హాజరైనవారు వేసుకోరాదు' అని పెట్టె అడుగున రాసి ఉంటుందన్నాను. మీద వేసింది కింద ఉన్నదాన్ని కప్పేస్తుంది కనక.

"అంత సన్నక్షరాలు ఎవరు చదువుతారండి?" అన్నారావిడ. "ఇప్పుడు నా సాయంత్రం లేదండి. మీరు కూర్చిందే ఉంది. అందులో నేనెక్కడో కూర్చున్నాను. నా పక్కన నేనే కళ్ళు తుడుచుకుంటున్నాను. ఆయన మాత్రం లేరండి. ఎంత తవ్వుకున్నా లేరు. వచ్చారని తెలుసు, టిక్కెట్లున్నాయి. నాకు కళ్ళలో రేకులు పడవు కాబట్టి నా డబ్బీ అంటూ లేదండి. కానీ నాకు గుర్తు లేదండి. ఎలాగోలా ఆయన్ని నాకు ఇచ్చెయ్యండి. ఇంకేం అడగను."

బోర్డు ఆఫీసరు ముఖం పెట్టుకుని, చూపులన్నీ అప్పుడే చెరిపేశామనీ, నియమాలు అలా ఉన్నాయనీ, చాలా విచారిస్తున్నామనీ చెప్పాను. నా గొంతు నాకే వెగటేసింది. ఆవిడ టీ తాగి, అడ్రసు రాసిచ్చి, "ఆలోచించండి," అని వెళ్ళిపోయారు.

నమోదు 2926. జూన్ 20

డబ్బా తెరిచాను. అడుగున నా చేతిరాతతోనే చీటీ ఉంది: చంద్రకళ కచేరీ, వరుస జె, కుర్చీ 41.

నా ఆలోచన ఇది. జె-41లో కూర్చున్న మనిషిని పట్టుకోవాలి. ఆ మనిషి ఆవిణ్ణి అంత దగ్గరినుంచి చూశాడంటే ఆవిడ భర్తనీ ఎప్పుడో ఒకప్పుడు చూసే ఉంటాడు. అతని డబ్బీ అతని దగ్గరే ఉంటుంది. దాన్ని తెరిస్తే ధనంజయ గారు దొరుకుతారు. అయితే ఇదంతా మొదలుపెట్టాలంటే ఈ చీటీ నా దగ్గర ఎందుకుందో ముందు చెప్పాలి. చెబితే లైసెన్సు పోతుంది, బహుమతి పోతుంది, ముద్ర పోతుంది. వాటిని మినహాయిస్తే నాలో ఇంకేం మిగులుతుందో లెక్క వేసి చూశాను. మాగాయ పచ్చడి మిగిలింది.

నమోదు 2930. జూన్ 24

నాలుగు రోజులు మీనమేషాలు లెక్కపెట్టి ఈ మధ్యాహ్నం ఆవిడ ఇంటికి వెళ్ళాను. గేట్ల కాలనీలో రెండో అంతస్తు. కూర్చోమనేలోపే మొత్తం చెప్పేశాను. కూర్చున్నాక చెబితే తన్ని తగలేయడానికి ఆవిడకి ఇబ్బందవుతుందని.

ఆవిడ తిట్టలేదు. "అయితే ఆ నలభై ఒకటో కుర్చీ మనిషిని పట్టుకుంటే మా ఆయన దొరుకుతారంటారు?" అని మాత్రం అడిగారు.

"దొరకొచ్చండి. మీ కుర్చీ నంబరు చెబితే ఆ మనిషి మీకు ఎటువైపు ఉన్నాడో తెలుస్తుంది."

ఆవిడ లోపలికి వెళ్ళి కళ్ళజోడు పెట్టెలోంచి రెండు టిక్కెట్లు తెచ్చి టీపాయ్ మీద పెట్టారు. ఒకటి జె-42. ఇంకొకటి జె-41.

"నలభై రెండు నాదండి," అన్నారు. "నలభై ఒకటి ఆయనది."

ముప్పై ఏళ్ళనుంచి బొమ్మలూ చూపులూ కోసి బతుకుతున్న మనిషిని. ఒక ఆడమనిషి ముక్కు తుడుచుకుంటుంటే అంత దగ్గరినుంచి, అంత తీరుబడిగా, అంత ఇష్టంగా చూసేది ఎవరై ఉంటారని తొమ్మిదేళ్ళలో ఒక్కసారి కూడా నాకు తట్టలేదు. అక్కడ స్టేజీ మీద చంద్రకళ గొంతు బొంగురుపోతోంది. పన్నెండు వేలమంది ఉలిక్కిపడి అటు చూస్తున్నారు. ఒక్కాయన మాత్రం పెళ్ళాన్ని చూస్తున్నాడు. ఆయన నా నెమరులో కనిపించకపోవడానికి కారణం ఆ కళ్ళు ఆయనవే కావడం. జనం నా ముద్ర అనుకున్నదీ, నేను రెండు గంటలు ఉపన్యాసమిచ్చిందీ, చూసినవాళ్ళందరికీ ఆవిడ మీద ప్రేమ పుట్టించిందీ ఆ చూపే. నేను చేసిందల్లా కత్తెర పట్టుకోవడం.

అదే ఆవిడతో చెప్పాను.

"ఆయనా? నన్నా?" భాగ్యరేఖ గారు నవ్వేశారు. "ఊరుకోండి. ముప్పై రెండేళ్ళలో నన్ను తిన్నగా చూసింది లేదండి. మాట్లాడితే గోడతో మాట్లాడేవారు. నేను తిరిగి చూసేసరికి ఎటో చూత్తుండేవారు."

నేను పనికిరాదని కోసిపారేసిన కుదుపు అదే. ఆవిడ తల తిప్పబోతుంటే ఆయన చూపు తప్పించుకున్న క్షణం. అది కూడా చెప్పాను. ఈసారి ఆవిడ నవ్వలేదు.

ఏదో ఒకటి మాట్లాడాలని, "మూడో చరణం మిమ్మల్ని అంతగా ఎందుకు ఏడిపించిందండి?" అని అడిగాను.

"ఏడుపేంటండి బాబూ? మిరపకాయ బజ్జీ. కారం నషాళానికంటింది."

నమోదు 2933. జూన్ 27

ధనంజయ గారి డబ్బీ ఆయన సొరుగులో, గేట్ల తాళాల పక్కన దొరికింది. ఒక్కసారి కూడా తెరిచినట్టు లేదు. వారసుల సంతకం ఉంటే లైసెన్సున్న ఎడిటర్ తెరవచ్చు. లైసెన్సు ఇంకా ఉంది కాబట్టి తెరిచాను.

మొత్తం రెండు గంటల పది నిమిషాలు. అందులో స్టేజీ కనిపించేది నలభై నిమిషాలు. బజ్జీల కొట్టు దగ్గర వరుసలో తొమ్మిది నిమిషాలు. పైకప్పు దీపాలు లెక్కపెట్టడం ఆరు నిమిషాలు. పూర్తి చీకటి ఇరవై అయిదు నిమిషాలు, గురకతో సహా. మిగిలిన యాభై నిమిషాలూ ఆవిడే.

"ఆవిడ ఇటు తిరగబోయింది పద్నాలుగుసార్లండి," అంది అబ్బులు. "పద్నాలుగుసార్లూ చూపు తప్పించారండి. చీకటి తీసేసి, స్టేజీ కుదించి, గంటకి తెమ్మంటారా అండి?"

నా చెయ్యి దురద పెట్టింది. ఆ దీపాల లెక్క తీసేసినా కొంప మునిగేదేం లేదు. భాగ్యరేఖ గారు పక్కనే ఉన్నారు.

"అలాగే ఉంచండి. ఇక నా దాంట్లో కత్తెర పెట్టకండి," అన్నారు.

"ఒక మాటండి. ఇందులో ఆయన మొహం ఉండదు. ఆయన కళ్ళు కదా."

"చేతులుంటాయి కదండి?"

"ఉంటాయండి. బజ్జీల పొట్లం పట్టుకుని."

"చాలు."

తలకి పట్టీ కట్టి, తలుపు దగ్గరగా వేసి, నేను బయట బల్ల మీద కూర్చున్నాను. మధ్యలో ఒకసారి ఆవిడ పెద్దగా నవ్వడం వినిపించింది. రెండు గంటల పది నిమిషాల తర్వాత బయటికి వచ్చారు.

"నిద్రపోయారండి, శుభ్రంగా," అన్నారు. "చంద్రకళ పాడుతుంటే." తర్వాత కుర్చీ వెనక భాగం పట్టుకుని నిలబడ్డారు. "అంతసేపు చూశారు. ఒక్కసారి చెప్పొచ్చు కదండి. ఒక్కసారి. నేను తిరిగినప్పుడు అలా ఉండిపోవచ్చు కదా, నేనేం కొరుకుతానా?"

ఈసారి బజ్జీ లేదు. నేను గోడ వైపు తిరిగి నిలబడ్డాను. ఆ ముఖాన్ని నేను పందొమ్మిది లక్షలమందికి అమ్మాను. ఈ ఒక్కసారికి చూడకపోవడమే మర్యాద అనిపించింది. నిజానికి నాకూ ఏడుపొచ్చింది.

కళ్ళు తుడుచుకున్నాక అడిగారు. "ఆ నాలుగు సెకన్లు ఎంతమంది దగ్గరున్నాయండి?"

"పదకొండు నెమర్లండి. పందొమ్మిది లక్షలమంది."

"అంతమందికి పంచి, నాకు ఆఖర్న ఇచ్చారా? తీసెయ్యండి. అందరి దగ్గరా తీసెయ్యండి."

తీసివేత అంటే మాటలు కాదనీ, బోర్డుకి వెళ్ళాలనీ, నా ముప్పై ఏళ్ళ పేరు గంగలో కలుస్తుందనీ అన్నాను.

"ఆ చూపు మీదా అండి?" అన్నారు భాగ్యరేఖ గారు.

నమోదు 2940. జూలై 4

షాహీనా గారికి చెప్పాను.

"పదకొండా?" అన్నారావిడ. "రెండో మూడో అయితే ఎలాగో సర్దేదాన్ని నూకరాజు గారూ. పదకొండేంటండి?"

తర్వాత చాలాసేపు కిటికీలోంచి బయటికి చూశారు. నన్ను నమ్మే అలవాటు ఆ కిటికీ దగ్గరే మానేశారని నాకు అర్థమైంది. నాకు అన్నిటికంటే అదే ఎక్కువ నొప్పెట్టింది.

నమోదు 2951. జూలై 15

బోర్డు విచారణ. ఆఫీసర్లు ముగ్గురు. మధ్యలో ఉన్నాయన నా పుస్తకాల కట్ట ముందు పెట్టుకుని కూర్చున్నారు. అన్నీ చదివారట. మొదటి ప్రశ్న, "మాగాయలో మెంతిపిండి ఎంత వెయ్యాలో రాయలేదేంటండి?" నేను చెప్పాను. రాసుకున్నారు. తర్వాత నా లైసెన్సు రద్దు చేశారు. బహుమతి వెనక్కిచ్చేయమన్నారు. దాని మీద టీ గ్లాసు మరకలున్నాయి. తుడిచి ఇస్తానన్నాను.

తీసివేత వద్దని అభిమాన సంఘం అభ్యంతరం పెట్టింది. వాళ్ళ తరఫున తుని మాస్టారు వచ్చారు, ఇద్దరు మనుషులు చెరోవైపు పట్టుకుంటే. ఆయన బోర్డుతో మాట్లాడలేదు, నేరుగా భాగ్యరేఖ గారితోనే మాట్లాడారు.

"అమ్మా, పదేళ్ళనుంచి నా పక్క కుర్చీలో ఎవరూ కూర్చోలేదు. నాకు గుర్తున్న మనిషివి నువ్వొక్కత్తివే. అది కాస్తా తీసేస్తే నేనేం చెయ్యను?"

గదిలో అందరూ నా వైపు చూశారు. ఇలాంటి చోట నేనైతే వెంటనే ఒక మాటు వేసేవాణ్ణి.

భాగ్యరేఖ గారు లేచి ఆయన దగ్గరికి వెళ్ళారు. "మాస్టారూ, ఈసారి నిజం కచేరీకి రండి. బండి నేను పంపుతాను. మీ పక్కన నేను కూర్చుంటాను, బజ్జీలు కూడా తెత్తాను. ఆ చూపు మాత్రం ఇవ్వలేనండి. నా దగ్గర ఆయనది అదొక్కటే ఉంది."

మాస్టారు కాసేపు ఆలోచించి, "నాకు కారం పడదమ్మా," అన్నారు.

"అయితే అరటికాయ బజ్జీ," అన్నారావిడ.

మాస్టారు అభ్యంతరం వెనక్కి తీసుకున్నారు. బోర్డు తీసివేతకి ఉత్తర్వు ఇచ్చింది. మాటు ఉన్నచోటల్లా దాని కింద కప్పిన అసలు తప్పు పెట్టాలని కూడా అందులో ఉంది. ఇకనుంచి జనానికి చంద్రకళ గారి గొంతు బొంగురుపోవడమే గుర్తుంటుంది. ఆవిడ ఫోన్ చేసి నన్నన్న మాటలు ఇక్కడ రాయను. ఈ పుస్తకాలు చదువుతున్నారని తెలిశాక భాష జాగ్రత్తగా వాడుతున్నాను.

నమోదు 2959. జూలై 23

లైసెన్సు లేనివాడు ఈ పుస్తకం రాయనక్కర్లేదు. అయినా ఇంకో రెండు పేజీలు మిగిలాయి.

అన్ని ఊళ్ళలోనూ ఈరోజే తీసివేత. మా ఊరి శిబిరం మునిసిపల్ కళ్యాణమండపంలో పెట్టారు. ఒక తలుపులోంచి లోపలికి వెళ్ళి, పట్టీ కట్టుకుని, పది నిమిషాలు కూర్చుని, ఇంకో తలుపులోంచి బయటికి రావాలి. భాగ్యరేఖ గారు పొద్దున ఎనిమిదింటికే వచ్చారు. అందరూ పోల్చుకునేలా కావాలనే ఆ మెరూన్ చీర కట్టుకుని వచ్చారు.

లోపలికి వెళ్ళేవాళ్ళు వరుసలోంచి ఒక్కొక్కరే వచ్చి ఆవిణ్ణి పలకరించారు. కొందరు చేతులు పట్టుకున్నారు. ఒకమ్మాయి మెడ చుట్టూ చేతులు వేసి, "ఆంటీ, మిమ్మల్ని మర్చిపోవాలంటే ఏడుపొస్తోంది," అని వదల్లేదు. ఆవిడ అందరి వీపూ నిమిరి పంపించారు. తర్వాత బయటికి వచ్చే తలుపు దగ్గరికి వెళ్ళి నిలబడ్డారు.

బయటికి వచ్చినవాళ్ళు ఆవిడ పక్కనుంచే నడిచి వెళ్ళిపోయారు. ఎవరి గొడుగు వాళ్ళు వెతుక్కున్నారు, ఆటో కోసం అరిచారు. ఇందాకటి అమ్మాయి బయటికి వచ్చి ఆవిణ్ణి చూసి ఒక్క క్షణం ఆగింది. పది నిమిషాల క్రితం ఈ మనిషిని ఎందుకు వాటేసుకున్నానా అని సిగ్గుపడినట్టుంది. మొహమాటంగా నవ్వి, జరిగి వెళ్ళిపోయింది. సాయంత్రం దాకా ఆవిడ అక్కణ్ణుంచి కదల్లేదు. ప్రతి ముఖాన్నీ చూశారు.

వరుసలో ఆఖరివాణ్ణి నేను. కుర్చీలో కూర్చుని పట్టీ కట్టించుకునే ముందు ఆ నాలుగు సెకన్లనీ చివరిసారి తలుచుకున్నాను. నా బతుకులో నేను చేసిన గొప్ప పని అది. అది నేను చెయ్యలేదు.

బయటికి వచ్చేసరికి మండపం ఖాళీ అయింది. భాగ్యరేఖ గారు నా ముందుకు వచ్చి నిలబడి, కళ్ళజోడు తీసి, ముఖం నాకేసి పెట్టారు.

"ఇప్పుడు చూడండి. ఎలా ఉన్నాను?"

చూశాను. యాభై ఎనిమిదేళ్ళ మనిషి. రోజంతా నిలబడి కాళ్ళు వాచాయి, చీర నలిగింది. నాకు తెలిసినావిడే, నేను అన్యాయం చేసినావిడే, ఇంటికెళ్ళి క్షమాపణ అడిగినావిడే. ఆ లెక్కలన్నీ సరిగ్గా గుర్తున్నాయి. కానీ ఇన్నాళ్ళూ ఆవిణ్ణి చూడగానే గుండెలో నిండేది ఇప్పుడు లేదు. లోపలంతా వెతికాను. నాది అనుకున్న మంచితనం ఎక్కడా దొరకలేదు. అబద్ధం చెప్పాలనిపించింది, అలవాటు కదా.

"మామూలుగా ఉన్నారండి," అన్నాను.

భాగ్యరేఖ గారు కళ్ళజోడు మళ్ళీ పెట్టుకున్నారు.

"హమ్మయ్య," అన్నారు. "అయితే మొత్తం నాకొచ్చేసింది."